పైనుంచి చూస్తే

గుర్తింపు కార్డు మీద ఆవిడకి శుభ్రమైన పేరొకటి ఉంది. దాన్ని గేటు దగ్గర కాపలావాళ్ళు తప్ప ఎవరూ చదవరు. లోపల అందరికీ ఆవిడ తలకిందులమ్మ. ఎదురుగా "మేడమ్" అంటారు. గుమ్మం దాటగానే "తలకిందులమ్మ వచ్చి వెళ్ళింది" అంటారు. ఆ సంగతి ఆవిడకి తెలుసు. ఆవిడకి తెలుసని వాళ్ళకీ తెలుసు. పదకొండేళ్ళుగా ఈ మర్యాద ఇరువైపులా చక్కగా సాగిపోతోంది.

ఉపగ్రహాలు తయారుచేసి పైకి పంపే సంస్థలో ఆవిడ సిస్టమ్స్ ఇంజనీరు. అంటే ఏం చేస్తుందో ఇరవయ్యారేళ్ళయినా ఇంట్లోవాళ్ళకి అంతుపట్టలేదు. అత్తగారు మాత్రం పక్కింటివాళ్ళకి ధైర్యంగా చెప్పేస్తుంది. "మా కోడలు ఏమీ తయారుచెయ్యదమ్మా. చేసేవాళ్ళ మధ్యలో కూర్చుని, మీది వాళ్ళకి పడుతుందా, వాళ్ళది మీకు పడుతుందా అని అడుగుతూ ఉంటుంది. దానికి పొద్దున్నే బస్సు కూడా పంపిస్తారు."

నిజానికి ఇంతకంటే బాగా ఆ సంస్థ పెద్దలు కూడా చెప్పలేరు. చొక్కా ఒకరూ చేతులు ఇంకొకరూ కుడితే ఎక్కడ పిగులుతుంది? చంక దగ్గర. ఆ చంక దగ్గర కాపలా ఆవిడ ఉద్యోగం. కెమెరావాళ్ళు కెమెరా చేస్తారు, చక్రాలవాళ్ళు చక్రాలు చేస్తారు, ఎవరి పని వాళ్ళకి వేదవాక్కు. రెండు పనులు కలిసే చోటు మాత్రం ఎవరిదీ కాదు. ఆ ఎవరిదీ కాని చోటే ఆవిడది. అలాంటి ప్రతి అతుక్కీ ఒక కాగితం ఉంటుంది. కాగితం అడుగున "అతుకు సరిచూశాను" అని ఒక గడి, ఆ గడిలో ఆవిడ సంతకం.

ఈ పిచ్చి ఆవిడకి పుట్టుకతోనే వచ్చిందేమో. వాళ్ళ నాన్న దుకాణాల అద్దాలమీద పేర్లు రాసేవాడు. వానకి చెరిగిపోకుండా అద్దం లోపలి వైపు రాయాలి. అంటే అక్షరాలన్నీ తిరగేసి, కుడినుంచి ఎడమకి. చిన్నప్పుడు రంగు డబ్బా పట్టుకుని పక్కన నిలబడితే ఆయన ఒకటే మాట చెప్పేవాడు. "చదివేవాడు ఎటు నిలబడతాడో తెలియకుండా కుంచె ముంచకే, అమ్మలూ." ఒకసారి ఆ మాట ఆయనే మరిచిపోయి ఒక మంగలి షాపు అద్దంమీద పేరు సూటిగా రాసేశాడు. లోపల గడ్డం గీయించుకునేవాళ్ళకి అద్భుతంగా కనిపించింది. వీధిలోవాళ్ళకి అదేదో విదేశీ వైద్యశాల అనిపించింది.

అంత అనుభవం ఉన్న ఇంట్లో పుట్టీ పదకొండేళ్ళ కిందట ఆవిడ చేసిన పని చూడండి. పెద్ద సమీక్ష జరుగుతోంది. పెట్టెలో సర్దేసిన ఉపగ్రహం మర్నాడు బయల్దేరాలి. ఆవిడ హఠాత్తుగా లేచి, ఒక బిగింపు పలకకి కన్నాలు తప్పు వైపు వేశారని గట్టిగా చెప్పింది. సర్దిన పెట్టె విప్పారు, క్రేన్‌తో ఉపగ్రహాన్ని బయటికి ఎత్తారు, నలుగురు దీపాలు పట్టుకుని చూశారు. కన్నాలు ఉండాల్సిన వైపే బంగారంలా ఉన్నాయి. తిరగబడి ఉన్నది ఆవిడ చేతిలోని పల్చటి ట్రేసింగ్ కాగితం. దాన్ని వెనకనుంచి చూసింది. క్రేన్ మేస్త్రీ, "మళ్ళీ లోపల పెట్టమంటారా, ఇంకోసారి తిప్పి చూస్తారా అమ్మా?" అని ఎంతో వినయంగా అడిగాడు. ఆ సాయంత్రానికే పేరు స్థిరపడింది.

ఇప్పుడు అసలు కథ ఒక ఆదివారం పొద్దున, వంటింటి సింకు కింద మొదలవుతుంది.

సింకు కింద గొట్టం కారుతోంది. భర్త లైబ్రరీలో పనిచేస్తాడు. పుస్తకాల వరస తప్పితే పట్టుకోగలడు గానీ గొట్టాల సంగతి ఆయనకి కొత్త. నేలమీద వెల్లకిలా పడుకుని తల సింకు కింద పెట్టాడు. నీళ్ళు కట్టేసే పిడి నేల వైపు తిరిగి ఉంది. ఆవిడ పైన నిలబడి, సింకు పక్క గట్టులో పలకలూడిన సందులోంచి చెయ్యి చూపిస్తోంది.

"కుడికి తిప్పండి."

"ఎవరి కుడికి?"

"కుడివైపులు రెండుంటాయటండీ? నా చెయ్యి చూడండి. ఇదిగో, ఇలా."

పైనుంచి చూస్తే గడియారం ముల్లు తిరిగే వైపుకి చేత్తో సున్నా చుట్టింది. భర్త బుద్ధిమంతుడు. కిందనుంచి ఆ సున్నా ఎటు కనబడిందో అటే, ఉన్న బలమంతా పెట్టి తిప్పాడు. పిడి ఊడి ఆయన గుండెలమీద పడింది. దాని వెనకే నీళ్ళు.

వంటింట్లో చీలమండల లోతు నీళ్ళు నిలిచాయి. కుర్చీలో కూర్చున్న అత్తగారు రెండు కాళ్ళూ పైకెత్తి, చేతిలో టీ కప్పు చెదరకుండా తీర్పు చెప్పింది. "నువ్వేమో పైనుంచి చెప్తున్నావు. వాడేమో కిందనుంచి చూస్తున్నాడు. ఇంక నీళ్ళు మధ్యలోంచి రాక ఎక్కడికి పోతాయమ్మాయ్?"

ఆవిడకి నవ్వొచ్చింది. తడిసిన చీర కుచ్చెళ్ళు పిండుకుంటూ పడీ పడీ నవ్వింది. నవ్వుతూ నవ్వుతూ ఉన్నట్టుండి ఆగిపోయింది. చెయ్యి గాలిలో ఇంకోసారి సున్నా చుట్టింది. వంగి, అదే చేతిని కిందనుంచి చూసుకుంది.

"ఏమైంది?" అన్నాడు భర్త, సింకు కిందనుంచి.

"చక్రం," అంది.

"ముందు నీళ్ళు కట్టెయ్యి తల్లీ. చక్రం తరవాత చూద్దాం."

ఆ చక్రం సంగతేమిటంటే, పైన గాలి లేని చోట ఉపగ్రహం పక్కకి తిరగాలంటే పట్టుకోడానికి ఏ ఆధారమూ ఉండదు. అందుకని కడుపులో బరువైన చక్రాలు పెట్టుకుంటుంది. చక్రం ఒక వైపు తిరిగితే ఒళ్ళు రెండో వైపు తిరుగుతుంది. వాళ్ళ ఉపగ్రహం బట్టల బీరువా అంత ఉంటుంది, లోపల అరలు కూడా అలాగే. అందులో కుడి ఎడమలకి తిప్పే చక్రం మొదట పై అరమీద పళ్ళెంలా కూర్చునేది. మూడేళ్ళ కిందట కొత్త కెమెరా అనుకున్నదానికంటే పెద్దదిగా వచ్చింది. చోటు చాలక చక్రాన్ని అక్కణ్ణుంచి లేపి, అదే అర కింద గబ్బిలంలా తలకిందులుగా బిగించారు. వచ్చే బుధవారం ఉపగ్రహాన్ని పెట్టెలో పెడతారు. గురువారం లారీ ఎక్కిస్తారు. పెట్టెకి సీలు పడిందంటే మళ్ళీ విప్పేది ప్రయోగం జరిగే చోటే, అదీ రాకెట్టుమీద కూర్చోబెట్టడానికే.

సోమవారం బస్సు దిగి, టీ కూడా తాగకుండా, ఆవిడ ఆ మార్పు కాగితం బయటికి తీసింది. అందులో ఒకటే వాక్యం. "తిరిగే దిశ: పైనుంచి చూస్తే కుడివైపు ప్లస్. మార్పు లేదు." కింద చక్రాల విభాగం సంతకం, ఉపగ్రహాన్ని నడిపే అదుపు విభాగం సంతకం, మూడో గడిలో "అతుకు సరిచూశాను" కింద గుండ్రంగా, ఏ అనుమానమూ లేకుండా, తన సంతకం.

కాసేపు ఆ సంతకాన్నే చూస్తూ కూర్చుంది. తరవాత కాగితం పట్టుకుని చక్రాలాయన గదికి వెళ్ళింది. ఆయన ఆవిడకంటే నాలుగేళ్ళు చిన్న. ఇద్దరూ ఒకే ఏడు చేరారు, ఇరవయ్యారేళ్ళుగా అక్కా తమ్ముడూ అని పిలుచుకుంటారు, తగువులు కూడా ఆ లెక్కలోనే.

"తమ్ముడూ, పైనుంచి అంటే ఎక్కణ్ణుంచి?"

"పొద్దున్నే పొడుపుకథలా అక్కా? పైనుంచి అంటే పైనుంచే. చక్రానికి మూత ఉండే వైపు."

"మూత ఇప్పుడు ఎటుంది?"

ఆయన బిస్కట్టు టీలో ముంచబోతూ ఆగాడు. "కిందకి," అన్నాడు మెల్లగా. బిస్కట్టు సగం విరిగి కప్పులో పడింది.

అదుపు విభాగానికి ఫోన్ చేస్తే అక్కడాయన, ఇవాళ వారమేమిటని అడిగినట్టు విసుక్కున్నాడు. "ఉపగ్రహం నెత్తిమీంచి. పై అంటే ఇంకేముంటుంది మేడమ్?"

"మరి చక్రం తిరగబడిందిగా. లెక్కలో మైనస్ పెట్టారా?"

"మేమెందుకు పెడతాం? చక్రాలవాళ్ళు లోపల తీగలు అటుదిటు మార్చారనుకున్నాం."

చక్రాలాయన ఫోన్ దగ్గరికి ముఖం పెట్టి, "మేమెందుకు మారుస్తాం? మీరు మైనస్ పెట్టారనుకున్నాం," అన్నాడు. తరవాత తల గోక్కున్నాడు. "ఒక్క నిమిషం ఆగండి. తీగలు మార్చమని ఒక మాట అన్నట్టే ఉంది. బిగించినాయన మార్చాడో లేదో. రాసిపెట్టలేదు, ఆయన రిటైరై పోయాడు. ఫోన్ ఎత్తడు, చెవుడు."

"ఇన్ని పరీక్షలు చేశాం కదా?" అన్నాడు ఫోన్‌లో ఆయన.

చేశారు. కంప్యూటర్లో వందసార్లు చేశారు. కానీ చక్రం ఎటు తిరుగుతుందో కంప్యూటర్‌కి చెప్పిందీ ఈ కాగితమే. చక్రాన్ని విడిగా తిప్పి చూశారు, అది బుద్ధిగా "ప్లస్" అంది. దానికి పైన అంటే దాని మూతే. డబ్బాలో సీలైన చక్రం ఎటు తిరుగుతోందో కంటితో చూసినవాడు ఒక్కడూ లేడు.

"అక్కా," అన్నాడు చక్రాలాయన గొంతు తగ్గించి, "ఆ రోజు సంతకం పెట్టేముందు నువ్వు నాకు ఫోన్ చేశావు, గుర్తుందా? 'పైనుంచేగా తమ్ముడూ?' అన్నావు. 'ఆఁ, పైనుంచే' అన్నాను."

"గుర్తుంది."

"నేను అబద్ధం చెప్పలేదు."

"నేనూ తప్పు అడగలేదు. అదే కదా మన ఖర్మ."

తన గదికి వచ్చి తలుపు వేసుకుంది. లెక్క చూసుకుంటే ఎటునుంచి చూసినా తనకే నష్టం. తీగలు ముందే మార్చి ఉంటే, ఇది రెండోసారి గోల చేసి నవ్వులపాలవడం. మొదటిసారికి ఒక పేరు వచ్చింది, రెండోసారికి ఏం పేరొస్తుందో ఊహించుకోలేకపోయింది. మార్చకపోతే, తప్పు తన సంతకం కింద బయటపడుతుంది. ముందు నుయ్యి, వెనక గొయ్యి. నోరు మూసుకుంటే మాత్రం హాయి. ఒకవేళ ఉపగ్రహం పైకెళ్ళి చెడినా వంద కారణాలు వెతుకుతారు, ఈ కాగితం దాకా రావడానికి ఏడాది పడుతుంది. ఆవిడకి ఈ ఆలోచన రాలేదంటే అబద్ధం. వచ్చింది, కుర్చీ వేసుకుని కూర్చుంది కూడా.

సాయంత్రం ఇంటికొచ్చి, పేర్లు మార్చి, ఎవరికో జరిగినట్టు చెప్పింది. భర్త సానుభూతిగా, "పాపం, ఆ మనిషి ఊరుకుంటేనే మంచిదేమో," అన్నాడు. ఎవరికి జరిగిందో ఆయనకి మొదటి వాక్యంలోనే తెలిసిపోయిందని ముఖం చూస్తేనే తెలుస్తోంది.

అత్తగారు దువ్వెన పక్కన పెట్టింది. "ఇంటికి తాళం వేశావో లేదో అనుమానం వచ్చిందనుకో. వెనక్కి వెళ్ళి చూస్తావా, నడివీధిలో నిలబడి వాదించుకుంటావా?"

"వెళ్ళి చూస్తే, వేసే ఉందనుకోండి అత్తయ్యా. అందరూ నవ్వుతారుగా?"

"నవ్వనీ. తాళం ఉందిగా."

మంగళవారం పొద్దున్నే పెద్దాయన గది ముందు నిలబడింది. ఉపగ్రహం మొత్తానికి బాధ్యుడు ఆయన. ఏడేళ్ళుగా దాన్నే కలవరిస్తున్నాడు, ఇంకో ఏడాదిలో ఉద్యోగం ముగుస్తుంది. విషయమంతా విన్నాడు. కళ్ళజోడు తీసి తుడిచి, మళ్ళీ పెట్టుకున్నాడు.

"మేడమ్, ఈసారి కాగితం సరిగ్గానే పట్టుకున్నారా?"

గదిలో ఇంకో ఇద్దరున్నారు. ఒకాయనకి దగ్గొచ్చింది, ఇంకొకాయన కిటికీలోంచి చెట్లు చూశాడు. ఆవిడ చెవులు ఎర్రబడ్డాయి, కాళ్ళు మాత్రం కదల్లేదు.

"పట్టుకున్నాను సార్. వెలుతురుకి పెట్టి రెండు వైపులా చూశాను కూడా."

"తప్పే ఉందనుకోండి, పైకెళ్ళాక ఒక మైనస్ పంపిస్తే సరిపోదూ?"

"కుడికి తిరగమంటే ఎడమకి తిరుగుతుంది సార్. తప్పు తిరిగానని అదే తెలుసుకుని దిద్దుకోబోతుంది. దిద్దుకునేదీ ఆ తప్పు చక్రంతోనే. ఎంత దిద్దుకుంటే అంత జోరుగా తిరిగి బొంగరమైపోతుంది. కరెంటు తయారుచేసే పలకలకి ఎండ తగలదు. మన మైనస్ వెళ్ళేసరికి వినడానికి దాంట్లో ప్రాణం ఉండదు."

"అనుమానంమీద లారీ ఆపమంటారా?"

"ఆపొద్దు సార్. రేపు పెట్టెలో పెట్టడానికి క్రేన్‌తో ఎత్తుతారుగా. ఒకే కొక్కేనికి వేలాడుతుంది. అప్పుడు పది నిమిషాలు అలాగే ఉంచండి. పక్క తాళ్ళు వదిలేసి, కుడికి తిరగమని ఒక్క ఆజ్ఞ ఇద్దాం. ఎటు తిరుగుతుందో అదే చెప్తుంది."

"వేలాడేటప్పుడు దానికి కరెంటు ఇవ్వకూడదన్నది నియమం."

"తెలుసు. నియమం రాసిందీ నేనే. సడలించే కాగితం తెచ్చాను, ఏడు సంతకాలు కావాలి."

పెద్దాయన ఆ కాగితంమీద ఖాళీ గడులు లెక్కపెట్టి, "నన్నేం చెయ్యమంటారు? మిమ్మల్ని నమ్మమంటారా?" అన్నాడు.

"వద్దు సార్. నన్ను నమ్మొద్దనే కదా వేలాడదియ్యమంటున్నాను."

అప్పుడు ఆయన కొంచెం నవ్వాడు. "మిగతా ఆరూ తెండి, ఏడోది నాది," అన్నాడు. తప్పించుకునే మాటే అది. ఆ ఆరుగురి సంతకాలు ఒక్క పూటలో దొరకవని ఆయనకి తెలుసు.

కానీ ఆవిడ పట్టిన కుందేలుకి మూడే కాళ్ళు. మధ్యాహ్నం అన్నం మానేసి ఒక్కో మేడా ఎక్కి దిగింది. ఒకాయన మీటింగులో ఉంటే గుమ్మంలో కుర్చీ వేసుకుని కూర్చుంది. ఇంకొకాయన "రేపు చూద్దాం" అంటే, "రేపు చూడ్డానికే సార్, ఇవాళ సంతకం," అంది. అదుపు విభాగంలో ఆయన మాత్రం కలం ఎత్తి ఆగాడు.

"తప్పు తేలితే మా విభాగం పేరు కూడా వస్తుంది కదా మేడమ్?"

"నా పేరు ముందొస్తుంది. మీది చదివేసరికి జనం అలిసిపోతారు లెండి."

చివరి సంతకం క్రేన్ మేస్త్రీది. పదకొండేళ్ళ కిందట "ఇంకోసారి తిప్పి చూస్తారా అమ్మా" అన్నది ఈయనే. ఇప్పుడు జుట్టు తెల్లబడింది, వినయం మాత్రం అలాగే ఉంది.

"పది నిమిషాలే కదమ్మా. పదకొండేళ్ళ కిందట మీ కోసం మూడు గంటలు ఎత్తి పట్టుకున్నాను."

"ఆ రోజు నేను తప్పు."

"ఈ రోజు?"

"తెలీదు. అందుకే వచ్చాను."

ఆయన కాగితం చదవలేదు, ఆవిడ ముఖమే చదివాడు. "తాళ్ళు వదిలితే నా మనుషులు చెయ్యేసే దూరంలోనే నిలబడతారు. నేను చాలంటే చాలు. ఆ మాట రాయండి, పెడతాను."

ఆవిడ రాసింది. ఆయన పెట్టాడు. నాలుగున్నరకి పెద్దాయన బల్లమీద ఆరు సంతకాల కాగితం ఉంది. ఆయన దాన్ని ముందు ఒకసారి, తిరగేసి ఒకసారి చూసి, ఏడోది పెట్టాడు.

బుధవారం పది గంటలకి పెద్ద హాల్లో అందరూ తెల్లటి కోట్లూ టోపీలూ వేసుకుని, కళ్ళు తప్ప ఏమీ కనబడకుండా చేరారు. ఎవరికీ కబురు చెయ్యలేదు గానీ, చూసేవాళ్ళ కోసం కట్టిన గాజు గోడ అవతల మనిషి పక్కన మనిషి నిలబడ్డారు. క్యాంటీన్లో టీ ఇచ్చే ఆయన కూడా వచ్చాడు.

ఉపగ్రహం మెల్లగా లేచి, నేలకి మూరెడు ఎత్తులో ఆగింది. దాని కెమెరా ముఖం ఖాళీ గోడని చూస్తోంది. ఆ గోడకి కుడి పక్కన తలుపు, ఎడమ పక్కన గాజు గోడ. ఆవిడ పొద్దున్నే వచ్చి, ఈ వాక్యం నల్ల సిరాతో పెద్దక్షరాలతో రాసి అందరికీ కనబడేలా అంటించింది. "ఆజ్ఞ సరిగ్గా పనిచేస్తే కెమెరా ముఖం తలుపు వైపు తిరగాలి." కుడి లేదు, ఎడమ లేదు, పైనా కిందా లేవు.

"తలుపు వైపు తిరిగితే నేను ఇంకో పేరు పెట్టించుకుంటాను," అంది పక్కనున్న చక్రాలాయనతో.

"గాజు గోడ వైపు తిరిగితే?"

"అందరం తలా ఒకటి."

పక్క తాళ్ళు వదిలారు. అది కొంచెం ఊగింది. నిలిచిపోయేదాకా మేస్త్రీ వేలు పైకెత్తి ఉంచాడు. తరవాత వేలు దించాడు. బల్ల దగ్గర అదుపు విభాగం ఆయన మీట నొక్కాడు.

ఏమీ జరగలేదు. లోపలెక్కడో ఈగ తిరిగినట్టు సన్నటి మోత. పది సెకన్లు. ఇరవై. ఎటూ తిరగకపోతే ఏమనాలో ఏ కాగితంమీదా రాయలేదని ఆవిడకి అప్పుడు గుర్తొచ్చింది. దేవుడా, తలుపు వైపే తిరగనీ, నవ్వితే నవ్వనీ, అనుకుంది. ఇరవయ్యారేళ్ళ ఉద్యోగంలో తను తప్పయితే బాగుండునని అంత గట్టిగా ఎప్పుడూ కోరుకోలేదు.

ఉపగ్రహం కదిలింది. ఎవరో పిలిస్తే పెద్దమనిషి తల తిప్పినంత నింపాదిగా తిరిగింది. గోడని వదిలి, గాజు అవతల నిలబడ్డ జనం వైపు. టీ ఆయన ముఖానికి ఎదురుగా కెమెరా వచ్చింది. ఆయన అలవాటు కొద్దీ జుట్టు సవరించుకున్నాడు.

"చాలు," అన్నాడు మేస్త్రీ.

పెద్దాయన గోడకి అంటించిన వాక్యం దగ్గరికి నడిచి, చదివి, మళ్ళీ చదివాడు. ఆ తరవాత ఆయన గొంతు అందరికీ వినబడింది. "మైనస్ పెట్టడానికి ఎంతసేపు?"

"పెట్టడానికి నిమిషం సార్. పెట్టింది సరిచూడ్డానికి సాయంత్రం దాకా. తరవాత ఇంకోసారి వేలాడదియ్యాలి."

"తియ్యండి. లారీవాడికి నేను చెప్తాను."

నాలుగు గంటలకి మళ్ళీ ఎత్తారు. ఈసారి కెమెరా ముఖం గోడని వదిలి, మెల్లగా, ఎవరి మెప్పూ అక్కర్లేనట్టు, తలుపు వైపు తిరిగింది. మేస్త్రీ "ఇంకోసారి తిప్పి చూస్తారా అమ్మా?" అన్నాడు. ఆవిడ "చూస్తాను," అంది. చూసింది. తలుపు వైపే.

ఇక మిగిలింది తప్పుల కాగితం. అందులో "తప్పు ఎక్కడ దొర్లింది" అని ఒక గడి ఉంటుంది. పెద్దాయన దాన్ని ముందే నింపి పంపాడు. "పత్రంలో పద అస్పష్టత." మంచి మనసుతో రాశాడు. అలా రాస్తే ఎవరూ లేరు, పదమే దోషి. ఆవిడ ఆ కాగితం పట్టుకుని ఆయన గదికి వెళ్ళింది.

"సార్, పదం సంతకం పెట్టదు. నేను పెట్టాను."

"ఎందుకు మేడమ్ మళ్ళీ? పట్టుకున్నదీ మీరేగా. అదీ ఇదీ చెల్లు."

"చెల్లదు సార్. రేపు నా కుర్చీలోకి వచ్చేవాళ్ళు ఇది చదువుతారు. పదంలో తప్పుందంటే పదం మారుస్తారు. మనిషి అడగాల్సింది అడగలేదంటే, అడుగుతారు."

ఆయన రాసిన వాక్యం కొట్టేసి, ఆవిడ తన గుండ్రటి అక్షరాలతో రాసింది. "'పైనుంచి' అంటే ఎవరి పైనుంచి అని అడగకుండా అతుకు సరిచూశానని సంతకం చేశాను." కింద పేరు రాసింది. గేటు కాపలావాళ్ళు మాత్రమే చదివే ఆ పేరు.

మర్నాడు పొద్దున ఆ కాగితం దస్త్రంలో పెట్టబోతే, దాని కింద ఇంకో లైను కనబడింది. అది చక్రాలాయన రాత, ఎప్పట్లాగే కోడి కెలికినట్టు. "అడిగింది. 'ఆఁ, పైనుంచే' అని నేనే చెప్పాను." సంతకం. దాని కింద అదుపు విభాగం ఆయన సంతకం కూడా ఉంది, చాలా చిన్నగా, అవసరమైతే కనబడకుండా ఉండేందుకు వీలుగా.

ఆవిడ ఫోన్ తీసింది. "తమ్ముడూ, నా కాగితం పాడుచేశావేం?"

"అతుకు సరిచూశానక్కా," అన్నాడు.

లారీ పదకొండింటికి బయల్దేరింది. ఆవిడ కిటికీలోంచి అది గేటు దాటేదాకా చూసింది. ఆ తరవాత మిగిలిన దస్త్రాలు బల్లమీద దొంతర పెట్టుకుంది. నూట నలభై ఆరు అతుకుల కాగితాలు. ఎర్ర పెన్సిలు చెక్కి, మొదటిదానిలో "పైన" అన్న మాట కోసం వెతకడం మొదలుపెట్టింది. రెండో పేజీలోనే దొరికింది.

గుమ్మం బయట ఎవరో ఎవరితోనో చెప్తున్నారు. "ఈ కాగితం ముందు తలకిందులమ్మకి చూపించు. ఆవిడ చూస్తే గానీ సంతకం పెట్టనంటున్నారు పెద్దాయన."

ఈసారి గొంతు తగ్గించలేదు. ఆవిడ కూడా విననట్టు నటించలేదు. "తెండి, తెండి," అంది లోపల్నుంచి. "ఎటునుంచి చూడాలో ముందు అది చెప్పండి."